ఖాళీ కుర్చీలు, నీటి పేర్లు

ఇల్లు విడిచి పోయేవాళ్లు ఏం తీసుకుపోతారు? మూటలో పట్టినంతే. రెండు జతల బట్టలు, ఒక గిన్నె, పిల్లల దుప్పటి. తలుపును తీసుకుపోలేరు. మంచాన్ని తీసుకుపోలేరు. కూర్చునే కుర్చీ, వండుకునే పొయ్యి, దండెం మీది పాత తువాలు అక్కడే ఉండిపోతాయి.

పని కోసం వలస పోయేవాళ్లు తాళం వేసి పోతారు. పండగకు తిరిగి వస్తారు. తుపాకి చూపించి తరిమితే పోయేవాళ్లు తాళం కూడా వేయరు. వేసినా, ఆ తాళం మళ్లీ తీసేది వాళ్లు కాదు.

అలా వెనక ఉండిపోయిన వస్తువులతో శిల్పాలు చేసే ఒకామె ఉంది. ఆమె పేరు డోరిస్ సల్సేదో. ఆమెది కొలంబియా దేశం. అది మనకు చాలా దూరం. దక్షిణ అమెరికా ఖండంలో ఉంది. కాఫీ తోటలకు పేరుపడ్డ దేశం. దాని రాజధాని బొగొతా నగరం. డోరిస్ 1958లో అక్కడే పుట్టింది. ఇప్పటికీ అక్కడే ఉండి పని చేస్తున్నది.

శిల్పం అంటే మనకు ఏం గుర్తుకు వస్తుంది? గుడిలో రాతి బొమ్మలు. ఊరి మధ్యలో దిమ్మె మీద నాయకుని విగ్రహం. చేయి చాపి ఉంటుంది. జయంతి రోజున దండ వేస్తారు. డోరిస్ శిల్పాలు అలా ఉండవు. వాటిలో మనిషి బొమ్మే ఉండదు. మనిషి లేడని చెప్పడమే వాటి పని.

తరిమివేతల దేశం

కొలంబియాలో భూమి ఎక్కువగా కొద్దిమంది చేతుల్లో ఉంది. 1964 నుంచి అక్కడ పెద్ద పోరు నడిచింది. ఒక పక్క తిరుగుబాటు దళాలు. ఒక పక్క ప్రభుత్వ సైన్యం. ఇంకో పక్క ధనవంతుల డబ్బుతో, మత్తుమందు వ్యాపారుల డబ్బుతో నడిచే ప్రైవేటు సేనలు. నడుమ నలిగింది పల్లె జనం. ఎవరికి అన్నం పెట్టినా తప్పే. పెట్టకపోయినా తప్పే. 1985 నుంచి ఇప్పటిదాకా ఇళ్లూ పొలాలూ విడిచి పారిపోయినట్టు ప్రభుత్వ పుస్తకాల్లోకి ఎక్కినవాళ్లే 80 లక్షలకు పైగా ఉన్నారు. వాళ్లు దేశం దాటి పోయినవాళ్లు కారు. సొంత దేశంలోనే పరాయివాళ్లయ్యారు. పట్నాల అంచున కొండల మీద రేకులు, చెక్కలు వేసుకుని గుడిసెలు కట్టుకున్నారు.

డోరిస్ బొగొతాలో చదివింది. తర్వాత అమెరికాలో న్యూయార్క్ నగరంలో శిల్పకళ చదివింది. చదువు అయిపోయాక అక్కడే ఉండిపోవచ్చు. ఉండలేదు. 1985లో ఇంటికి తిరిగి వచ్చింది.

వచ్చిన ఏడే నవంబరు 6న బొగొతాలోని పెద్ద కోర్టు భవనాన్ని ఒక తిరుగుబాటు దళం ఆక్రమించింది. సైన్యం ట్యాంకులతో వచ్చింది. రెండు రోజులు కాల్పులు జరిగాయి. భవనం తగలబడింది. వంద మంది దాకా చనిపోయారు. వాళ్లలో 11 మంది పెద్ద జడ్జీలు ఉన్నారు. కోర్టు క్యాంటీనులో వండేవాళ్లు, వడ్డించేవాళ్లు కొందరు మాయమైపోయారు. ఆ మంటలను డోరిస్ కళ్లారా చూసింది.

ఆ తర్వాత ఆమె ఒక పద్ధతి పెట్టుకుంది. మొదట ఊళ్లకు పోవాలి. బాధపడ్డవాళ్ల పక్కన కూర్చుని వినాలి. తొందర పెట్టకూడదు. తర్వాతనే పని మొదలుపెట్టాలి. వినడానికే ఏళ్లు పట్టేది.

మాయమైన మనుషుల చెప్పులు, బూట్లు వాళ్ల ఇంటివాళ్లు ఆమె చేతికి ఇచ్చారు. అవి చాలావరకు ఆడవాళ్లవి. ఆమె గోడలో చిన్న గూళ్లు చేసి వాటిలో ఆ బూట్లను పెట్టింది. మనం దీపం పెట్టే గూడు లాంటివి అవి. ముందు పల్చటి తోలు పొర కప్పి, డాక్టర్లు గాయాన్ని కుట్టే దారంతో కుట్టింది. పొర వెనక బూట్లు మసకగా కనిపిస్తాయి.

1992 నుంచి 1995 వరకు తలుపులతో పని చేసింది. జనం విడిచిపోయిన ఇళ్ల తలుపులు అవి. వాటికి మంచం ముక్కలు, కుర్చీ ముక్కలు, చిరిగిన బట్టలు అతికించింది. ఈ శిల్పాలకు ఆమె పెట్టిన పేరు ‘విధవ ఇల్లు’. మనిషి చనిపోతే భార్య విధవ అయిందంటారు. మనుషులందరూ పోతే ఇల్లే విధవ అయిందన్న మాట. ఆ మాట ఆడవాళ్లకు వేరే విడమరిచి చెప్పనక్కర లేదు.

ఒక ఊళ్లో ఆమెకు ఆరేళ్ల పిల్ల కనిపించింది. ఆ పిల్ల కళ్ల ముందే తల్లిని చంపారు. ఆ పిల్ల రోజూ ఒకే గౌను వేసుకునేది. విప్పమంటే విప్పేది కాదు. అది తల్లి చివరిగా కుట్టిచ్చిన గౌను. డోరిస్ రెండు పాత బల్లలను నరికి ఒకటిగా కలిపింది. బల్లకు సన్నటి చిల్లులు వేలకు వేలు పెట్టింది. ఆ చిల్లుల్లోనుంచి పట్టు దారమూ తల వెంట్రుకలూ దూర్చి కుట్టింది. చెక్క మీద గౌను గుడ్డ పరిచినట్టు కనిపిస్తుంది. ఆ రకం బల్లలు మూడు చేయడానికి మూడేళ్లు పట్టింది. సూదిలో దారం ఎక్కించినవాళ్లకు తెలుస్తుంది, చెక్క మీద వెంట్రుకతో కుట్టడం ఎంత పనో.

వీధిలోకి వచ్చిన కుర్చీలు

మ్యూజియంకు అందరూ పోరు. అందుకని ఆమె వీధిలోకి వచ్చింది.

2002 నవంబరు 6. కోర్టు తగలబడి సరిగ్గా 17 ఏళ్లు. అదే చోట కొత్త కోర్టు కట్టి ఉంది. పొద్దున జనం ఎవరి పనుల మీద వాళ్లు పోతున్నారు. కోర్టు కప్పు మీది నుంచి ఒక ఖాళీ కుర్చీ గోడ వెంట మెల్లగా కిందికి దిగింది. కొంతసేపటికి ఇంకొకటి. తర్వాత ఇంకొకటి. ఒక్కోసారి వెంట వెంటనే, ఒక్కోసారి చాలా ఆగి. అలా 53 గంటలు. మొత్తం 280 కుర్చీలు. పోయేవాళ్లు ఆగి చూశారు. ఎవరూ ప్రసంగం చేయలేదు. కుర్చీలో కూర్చోవలసిన మనిషి ఏడి అని ఎవరికి వాళ్లే అడుగుకోవాలి.

మరుసటి ఏడు, 2003లో, టర్కీ దేశంలోని ఇస్తాంబుల్ నగరం ఆమెను పిలిచింది. అక్కడ ఇనుప సామాను దుకాణాలు, చిన్న చిన్న పనిశాలలు ఉన్న ఒక వీధి ఉంది. రెండు మేడల నడుమ ఒక ఖాళీ జాగా ఉంది. ఒకప్పుడు అక్కడ ఇల్లు ఉండేది. డోరిస్ ఆ సందులో 1,550 చెక్క కుర్చీలు పేర్చింది. ఒకదాని మీద ఒకటి, ఒకదానిలో ఒకటి దూరేట్టు, మేడల కప్పు దాకా. ముందు వైపు మాత్రం గోడ కట్టినట్టు చదునుగా ఉంది. దగ్గరికి పోతే అన్నీ కుర్చీల కాళ్లే.

ఎందుకు అన్ని కుర్చీలు? పరాయి ఊరికి వచ్చి పని చేసేవాళ్లు లెక్కలేనంత మంది. మనం వేసుకునే బట్ట, నడిచే రోడ్డు, ఎక్కే మేడ వాళ్ల చేతుల మీదుగానే వస్తాయి. వాళ్ల ముఖం ఎవరికీ గుర్తుండదు. ఒక్కొక్క కుర్చీ ఒక్కొక్క మనిషి అనుకోండి. ఒకరి మీద ఒకరు ఇరుక్కుని బతకడం ఎట్లా ఉంటుందో కూడా ఆ కుర్చీల గుట్టలో కనిపిస్తుంది. పట్నంలో ఒక్క గదిలో పది మంది సర్దుకున్నవాళ్లకు అది కొత్త కాదు.

‘ష’ పలకలేనివాళ్లు

2007లో లండన్ నగరంలో ఆమె చేసిన పని ప్రపంచమంతా చూసింది. లండన్‌లో టేట్ మోడర్న్ అనే మ్యూజియం ఉంది. అది ఒకప్పుడు కరెంటు తయారుచేసిన కర్మాగారం. లోపల రైలు స్టేషనంత పెద్ద హాలు ఉంది. అందులో ఇతర శిల్పులు పెద్ద పెద్ద వస్తువులు పెట్టారు. డోరిస్ ఏమీ పెట్టలేదు. నేలను చీల్చింది.

ఎండాకాలం చెరువు నెర్రెలు బారుతుంది గదా, అలాంటి నెర్రె. తలుపు దగ్గర వెంట్రుక మందాన మొదలై, పోను పోను వెడల్పయి, హాలు ఆ చివరి దాకా పోయింది. పొడవు 167 మీటర్లు. నెర్రె లోపలికి తొంగి చూస్తే ఇనుప కంచె తీగలు కనిపించేవి. దేశాల సరిహద్దుల్లో వేసే కంచె అది. ఎలా చేశావని విలేకరులు అడిగారు. ఆమె చెప్పలేదు. ఎలా చేశానన్నది ముఖ్యం కాదు, అర్థం ఏమిటో చూడండి అన్నది. కొందరు చూసుకోక కాలు ఇరికించుకుని పడ్డారు కూడా.

ఆ నెర్రె పేరు ‘షిబ్బోలెతు’. ఈ మాట వెనక ఒక పాత కథ ఉంది. బైబిలులో న్యాయాధిపతుల గ్రంథంలో వస్తుంది. రెండు తెగల మధ్య యుద్ధం జరిగింది. ఓడిన తెగవాళ్లు యొర్దాను నది దాటి ఇంటికి పోవాలి. గెలిచినవాళ్లు రేవు దగ్గర కాపలా కాశారు. వచ్చిన ప్రతి ఒక్కరినీ ‘షిబ్బోలెతు’ అని పలకమన్నారు. ఓడిన తెగవాళ్లకు ‘ష’ పలకదు. ‘సిబ్బోలెతు’ అనేవాళ్లు. అలా అన్నవాళ్లను అక్కడికక్కడే చంపారు. అలా 42 వేల మంది చనిపోయారని ఆ గ్రంథం చెబుతుంది.

ఒక్క అక్షరం! ‘ష’ రాని నాలుక మీద ప్రాణం పోయింది.

ఇది ఎక్కడో జరిగిన పాత కథ మాత్రమే కాదు. ‘భాష’ను ‘బాస’ అన్నందుకు ఎంతమందిని చూసి నవ్వలేదు? ఆఫీసులో, బస్సులో, ఆసుపత్రిలో నోరు విప్పగానే మనిషి ఊరేదో కులమేదో కొలిచేవాళ్లు ఉంటారు. పరాయి దేశం పోయినవాళ్లకు ఈ కొలత ఇంకా గట్టిగా తగులుతుంది. రంగు వేరు, మాట వేరు, తిండి వేరు. తలుపు తెరిచే ఉన్నట్టు కనిపిస్తుంది. మధ్యలో నేల చీలి ఉంటుంది. డోరిస్ చూపింది ఆ చీలికనే.

2008 ఏప్రిల్‌లో ప్రదర్శన అయిపోయింది. నెర్రెను సిమెంటుతో పూడ్చారు. కానీ మచ్చ పోలేదు. అది ఇప్పటికీ ఆ నేల మీద కనిపిస్తుంది. ఆమెకు కావలసింది కూడా అదే.

నీటితో రాసిన పేర్లు

ఆఫ్రికా నుంచి, పడమటి ఆసియా నుంచి యూరప్ చేరాలంటే మధ్యధరా సముద్రం దాటాలి. యుద్ధం నుంచి, ఆకలి నుంచి పారిపోయేవాళ్లు దళారులకు ఉన్నదంతా ఇచ్చి చిన్న పడవల్లో ఎక్కుతారు. పది మంది పట్టే చోట యాభై మందిని ఎక్కిస్తారు. రాత్రిపూట పోతారు. పడవ మునిగితే అడిగేవాళ్లు లేరు. 2014 నుంచి లెక్క చూస్తే ఆ ఒక్క సముద్రంలోనే 30 వేల మందికి పైగా చనిపోయారు, లేదా ఆచూకీ లేకుండా పోయారు. వాళ్లలో చాలామంది పేర్లు ఎక్కడా రాసి లేవు. ఎదురు చూసే తల్లికి తప్ప ఎవరికీ తెలియవు.

డోరిస్, ఆమెతో పనిచేసేవాళ్లు ఐదేళ్లు ఈ పని మీద ఉన్నారు. ఆ పేర్లు వెతికారు. 2017లో స్పెయిన్ దేశం మద్రిద్ నగరంలోని ఒక అద్దాల మేడలో ఆ పేర్లు రాశారు. దేనితో రాశారు? నీటితో.

మేడ నేలంతా ఇసుక రంగు పలకలు పరిచారు. కొన్ని పేర్లు పలకల మీద ఇసుకతోనే రాసి ఉన్నాయి. అవి ముందు కాలంలో చనిపోయినవాళ్లవి. మసకగా ఉన్నాయి. వాటి మీదుగా ఇంకొన్ని పేర్లు. పలకల కింద సన్నటి గొట్టాలు. కంటికి కనిపించని చిల్లులు. వాటిలోనుంచి నీటి బొట్లు పైకి ఊరుతాయి. ముగ్గులో చుక్కలు కలిసినట్టు బొట్టు బొట్టు కలిసి అక్షరం అవుతుంది. అక్షరం అక్షరం కలిసి పేరు అవుతుంది. మెరుస్తూ కాసేపు నిలుస్తుంది. తర్వాత నేలలోకి ఇంకిపోతుంది. మళ్లీ ఊరుతుంది. నేల ఏడుస్తున్నదని చూసినవాళ్లు అనుకున్నారంటే వింత లేదు.

దీనికి ఆమె పెట్టిన పేరు ‘పాలింప్‌సెస్ట్’. పూర్వం కాగితం దొరకని రోజుల్లో తోలు మీద రాసేవాళ్లు. పాత రాత గీకేసి అదే తోలు మీద మళ్లీ కొత్తగా రాసేవాళ్లు. అయినా పాత రాత కొంచెం కొంచెం కనిపించేది. అలాంటి తోలును పాలింప్‌సెస్ట్ అంటారు. మనకు పలక ఉంది గదా. తడి గుడ్డతో తుడిచి మళ్లీ రాస్తాం. సరిగా తుడవకపోతే నిన్నటి పేరు మీదే ఇవాళ్టి పేరు పడుతుంది. అచ్చం అట్లాగే, నిన్న మునిగినవాళ్ల పేర్ల మీదే ఇవాళ మునిగినవాళ్ల పేర్లు. పేరు చూసుకుంటూ నడవాలంటే జనం వంగి, కాలు జాగ్రత్తగా వేసి నడవవలసి వచ్చింది. ఎవరి పేరునూ తొక్కకుండా.

సూదులు, సుత్తులు

2016 అక్టోబరు 2న కొలంబియాలో ఓట్లు పెట్టారు. ‘ఫార్క్’ అనే పెద్ద తిరుగుబాటు దళంతో ప్రభుత్వం శాంతి ఒప్పందం చేసుకుంది. అది కావాలా వద్దా అని జనాన్ని అడిగారు. చాలా తక్కువ తేడాతో ‘వద్దు’ గెలిచింది. ఏడవాలో అరవాలో తెలియక చాలామంది వీధిలోకి వచ్చారు.

తొమ్మిది రోజుల తర్వాత, అక్టోబరు 11న, బొగొతా నడిబొడ్డున ఉన్న బొలీవార్ మైదానానికి డోరిస్ తెల్లటి గుడ్డలు తెచ్చింది. ఒక్కొక్క గుడ్డ మీద పోరులో చనిపోయిన ఒక్కొక్కరి పేరు. సిరాతో కాదు, బూడిదతో రాసింది. సుమారు రెండు వేల పేర్లు. సూదులూ దారాలూ ఇచ్చి, రండి, కుట్టండి అన్నారు. ముసలివాళ్లు, కాలేజీ పిల్లలు, ఆఫీసు నుంచి వచ్చినవాళ్లు నేల మీద కూర్చుని ఒక గుడ్డను పక్క గుడ్డతో కుట్టారు. ఒకరికొకరు తెలియదు. సాయంత్రానికి మైదానం అంతా ఒకే తెల్లటి బొంత అయింది.

దీని మీద తగాదా కూడా వచ్చింది. శాంతి కావాలని కొందరు అప్పటికే ఆ మైదానంలో గుడారాలు వేసుకుని ఉన్నారు. బొంత కోసం వాళ్లను పక్కకు జరగమన్నారు. నీడ పోయినవాళ్ల కోసం పని చేసే మనిషి ఇంకొకరి గుడారం జరపడం ఏమిటని విమర్శించారు. ఆ విమర్శలో న్యాయం లేదని చెప్పలేం.

ఆ ఏడు నవంబరులో ఒప్పందాన్ని కొంత మార్చి మళ్లీ సంతకాలు చేశారు. ఫార్క్ దళం తుపాకులు అప్పగించింది. ఆ తుపాకులను కరిగించి గుర్తుగా శిల్పం చేయాలని ఒప్పందంలోనే ఉంది. ఆ పని డోరిస్‌కు అప్పజెప్పారు. 37 టన్నుల ఆయుధాలు! ఎవరైనా అయితే ఎత్తయిన స్తంభం పోసేవాళ్లు. డోరిస్ ఒప్పుకోలేదు. తుపాకిని తలెత్తి ఎందుకు చూడాలి? దాన్ని కాళ్ల కింద వేయాలి అనుకుంది.

పోరులో అత్యాచారానికి గురైన ఆడవాళ్లను పిలిచింది. వాళ్ల చేతికి సుత్తులు ఇచ్చింది. పల్చటి లోహపు రేకుల మీద వాళ్లు బలం కొద్దీ కొట్టారు. ఏళ్ల తరబడి నోరు విప్పనివాళ్లు కొట్టారు. గుంటలు పడ్డ ఆ రేకుల నుంచి అచ్చులు తీశారు. కరిగిన తుపాకుల లోహాన్ని ఆ అచ్చుల్లో పోశారు. 1,296 బండలు తయారయ్యాయి. ఒక పాత ఇంటి మొండి గోడల నడుమ వాటిని నేలగా పరిచారు. 2018 డిసెంబరులో తలుపులు తెరిచారు. పేరు ‘ఫ్రాగ్‌మెంతోస్’, అంటే ముక్కలు. దేశాధ్యక్షుని భవనం అక్కడికి దగ్గరే. ఎవరైనా పోవచ్చు, ఆ నేల మీద నడవవచ్చు.

నీడ ఇవ్వని ఇల్లు

షార్జా, దుబాయి, కువైట్ పేర్లు కరీంనగర్, నిజామాబాద్, కడప, గోదావరి జిల్లాల పల్లెల్లో చిన్నపిల్లలకు కూడా తెలుసు. అమ్మ ఎక్కడుంది అంటే కువైట్‌లో అంటారు. ఆ షార్జాలోనే 2023లో డోరిస్ ఒక ఇల్లు పెట్టింది. చచ్చి ఎండిపోయిన 804 చెట్లతో చేసిన ఇల్లు. గోడలూ కొమ్మలే, కప్పూ కొమ్మలే. దూరం నుంచి చూస్తే ఇల్లే. దగ్గరికి పోతే అందులో ఉండటానికి వీలు లేదు. దాని పేరు ‘వేళ్లతో పెకలించినది’.

వానలు తప్పి, అడవి పోయి, ఏరు పొంగి ఊళ్లు విడిచేవాళ్లు ఏటేటా పెరుగుతున్నారు. వాళ్లను తరిమేది తుపాకి కాదు. చెట్టు చచ్చిన చోట మనిషి ఇల్లు ఎలా నిలుస్తుంది? పాలమూరు కరువు చూసినవాళ్లకు ఈ చెట్ల ఇల్లు చూడకుండానే అర్థమవుతుంది.

ఆమెకు బహుమతులు చాలా వచ్చాయి. 2014లో జపాన్‌లోని హిరోషిమా నగరం ఇచ్చింది. 2024లో జపాన్ దేశపు పెద్ద కళా బహుమతి వచ్చింది.

ఇదంతా చదివాక ఒక ప్రశ్న రావాలి. కుర్చీలు పేరిస్తే, నీళ్లతో పేర్లు రాస్తే, ఇల్లు పోయినవాళ్లకు ఇల్లు వస్తుందా? రాదు. కళ ఎవరినీ బతికించలేదని డోరిస్ కూడా ఒప్పుకుంటుంది. భూమి ఇవ్వవలసింది ప్రభుత్వం. పడవ మునగకుండా చూడవలసింది దేశాలు. అయితే సముద్రంలో పోయిన కొడుకు పేరును పరాయి దేశంలో ఒకరు వెతికి రాశారు. ఆ పేరు చదవడానికి వేలమంది తల వంచారు. ఇది ఆ తల్లికి ఏమవుతుందో తల్లులే చెప్పాలి.

మాట్లాడుకోండి

మీ ఊరి నుంచి వలస పోయిన ఇళ్లు ఎన్ని? ఆ ఇళ్లలో ఏ వస్తువులు ఉండిపోయాయి? విడిచిపోయిన ఇంటిని మీ వైపు ఏమంటారు?

మాట పలకడం రాలేదని మిమ్మల్ని ఎవరైనా నవ్వారా? ఎక్కడ? అప్పుడు మీరేం చేశారు?

గుడారాలు జరపమన్నది సరైన పనేనా? రెండు జట్లుగా ఉండి వాదించండి.

పోయి తిరిగిరాని వాళ్లు మీ ఇంట్లో, మీ వాడలో ఎవరైనా ఉంటే వాళ్ల పేరు పలక మీద రాయండి. ఇంటిపేరుతో సహా రాయండి. తుడవకముందు పక్కనున్న ఆమెతో ఒకసారి చదివించండి.